పందిరి రాటకు కట్టిన జెండా

ప్రొఫెసరుగా నేను కూర్చునే కుర్చీ మీద చెయ్యి పెట్టి ప్రమాణం చేస్తున్నాను, ఇందులో ప్రతి అక్షరమూ నిజం. (కుర్చీకి ఒక కాలు ఊగుతుంది, అదీ నిజమే.) ఆ రోజుల్లో చరిత్ర చదువుతున్నానంటే జనం జాలిపడేవారు. "మతమూ, జాతీయభావమూ" మీద పరిశోధన అనేసరికి జాలి మానేసి కాస్త దూరం జరిగేవారు. ఇవాళ ఆ రెండు మాటల మీదే సభల్లో గంటల తరబడి మాట్లాడుతున్న నేను, అప్పట్లో వాటి మధ్య ఏముందో బొత్తిగా తెలియని బక్కపల్చటి కుర్రాణ్ణి.

నా దగ్గరున్నదల్లా ఒకటే సంగతి. స్వాతంత్ర్యం రాకముందు, పాలకొల్లు దగ్గర ఒక ఊళ్ళో, శ్రీరామనవమి పందిరి రాటకు ఎవరో జాతీయ జెండా కట్టారని విన్నాను. అంతే! భక్తి వెళ్ళి దేశభక్తిలో లీనమైన మహాక్షణమంటూ ఒక అధ్యాయమంతా రాసి పారేశాను. మా గైడు గారు (చాటుగా ఆయన్ని 'ఆధారం మాస్టారు' అనేవాళ్ళం) అది చదివి కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టారు.

"బాగుందయ్యా. నువ్వు చూశావా?"

"లేదండి."

"చూసినవాణ్ణయినా చూశావా?"

"లేదండి."

"మరి లీనమైందని నీకెవరు చెప్పారు? సోమవారానికల్లా ఆ పందిట్లో ఉన్న మనిషి గొంతు టేపులో వినిపించు. లేదంటే నీ ఫెలోషిప్పు ఇంకొకడికి."

ఫెలోషిప్పు పోతే భీమవరంలో మా మావయ్య చేపల చెరువులో మేత చల్లుకోవాలి. (మావయ్య అప్పటికే నా కొలతకు బనీన్లు కొని సిద్ధంగా ఉంచాడు.)

ఆదివారం పొద్దున్నే టేప్‌రికార్డరు చంకలో పెట్టుకుని రాజమండ్రిలో బస్సెక్కాను. ఆనాడు ఆ పందిరి వేయించినవాళ్ళలో మిగిలిన ఒకే ఒక్క తాతగారు అరుగు మీదే దొరికారు. మీట నొక్కాను.

"తాతగారూ, ఆ రోజు జెండా..."

"ఉండండి బాబూ, ముందు కాళ్ళు కడుక్కోండి. మీరెవరి తాలూకండి?"

చెప్పాను.

"ఓరి ఓరి, మీ మావయ్య చెరువూ మా అల్లుడి చెరువూ ఒకే గట్టండి! అమ్మాయ్, మనవాళ్ళేనే, ఆకెయ్యి!"

మా వైపు అతిథి కడుపు నిండేదాకా సంగతులు మొదలుపెట్టరు. నేను నోరు తెరిచినప్పుడల్లా కోడలు గారు వడ్డించారు. "జెండా ఎవరు..." అన్నాను, రొయ్యల వేపుడు. "ఎందుకని..." అన్నాను, పనసపొట్టు కూర. "అంటే దేశభక్తి..." అనేసరికి గడ్డపెరుగు. వద్దని చెయ్యి అడ్డుపెడితే "మొహమాటపడకండి, మనిల్లేనండి" అంటూ చేతి సందులోంచే వేశారు. పూతరేకులు వచ్చేవేళకి నా జాతీయభావం మొత్తం కడుపులోకి దిగిపోయింది.

చేతులు కడుక్కున్నాక తాతగారే అడిగారు. "ఇందాకణ్ణించీ ఏదో అంటున్నారు, ఏంటండి?"

"రాములవారి పందిరికి జెండా ఎందుకు కట్టారండి?"

ఆయన నన్ను వింతగా చూశారు. "పక్కూరివాళ్ళు జెండా పట్టుకుని ఊరేగింపుగా వచ్చారండి. ఎండ మండిపోతోంది. పిలిచి పానకం ఇచ్చాం. ముందున్నాయన జెండా దించనంటాడు. రెండు చేతులూ కర్రకే ఉంటే పానకం ఎలా తాగుతాడండి? రాటకి కట్టేయండి బాబూ, రాములోరు చూసుకుంటారు, అన్నాను."

"అంతేనాండి?"

"అంతేనండి. తర్వాత వడపప్పు కూడా తిన్నాడు."

నా మహాక్షణం పానకంలో కరిగిపోయింది. తిరుగు బస్సులో కళ్ళు మూస్తే మేత బస్తాలు, బనీన్లు.

సోమవారం మాస్టారు టేపంతా విన్నారు. వడ్డనల చప్పుడు, నా బతిమాలుడు, చివర్న పానకం. ఆయన లేచి నన్ను కౌగిలించుకుని, "లీనమవడం గీనమవడం కొట్టెయ్. దాహంతో వచ్చినవాడి జెండాకి తన దేవుడి పక్కన చోటిచ్చిన ఊరు దొరికింది నీకు. అది రాయి!" అన్నారు. ఫెలోషిప్పు నిలిచింది. ఉద్యోగం, పుస్తకాలు, ఊగే కుర్చీ, అన్నీ ఆ పానకం చలవే.

ఇక ఒప్పుకోలు. ఫెలోషిప్పు నిలిచింది నిజం, తాతగారు నిజం, రొయ్యలు మరీ నిజం. కౌగిలింతా, ఆ పెద్ద మాటా మాత్రం నేను కల్పించాను. అలా జరిగి ఉంటే బాగుండేదని చాలా ఏళ్ళు అనుకున్నాను. నిజానికి మాస్టారు "ఊఁ, ఇది ఆధారం" అని టేపు వెనక్కి తిప్పి, పనసపొట్టు దగ్గర ఆపి, గొంతు తగ్గించి అడిగారు. "వచ్చే ఆదివారం ఖాళీయేనా?"

ఇద్దరం వెళ్ళాం. టేప్‌రికార్డరు సంగతి ఇద్దరమూ ఎత్తలేదు. కిటికీ పక్క సీటు మాస్టారికిచ్చి, ఊరెప్పుడొస్తుందా అని మెడ సాచి చూస్తున్న ఆ బక్కపల్చటి కుర్రాణ్ణి తలుచుకుంటే నవ్వొస్తుంది. ఏ సభ విందులోనూ నాకు మళ్ళీ అంత ఆకలి వెయ్యలేదు.