అక్క లేని నవలలు

ఎనభైల మధ్యలో నన్ను బొంబాయికి తరిమింది ఒక రచయిత మీద పెంచుకున్న చిరాకు. ఆయన పేరు చెప్పను, ఎందుకో చదివాక మీకే తెలుస్తుంది. ఆయన మూడు నవలలూ పాలమూరు నుంచి బొంబాయికి వలస వచ్చిన కూలీల గురించే. మూడింట్లోనూ కథానాయకుడికి నా అన్నవాళ్ళు లేరు. "మీదే ఊరు?" అని ఎవరైనా అడిగితే ఒక నవలలో పాలమూరు అంటాడు, ఇంకోదాంట్లో బొంబాయిలోని వర్లి అంటాడు, మూడోదాంట్లో నోరే విప్పడు. ఏ నేలకూ చెందని మనిషి వేదన అని విమర్శకులు దాన్ని ఆకాశానికెత్తారు. నేనూ తలూపాను గానీ, ఇంతకీ ఈయన ఎక్కడివాడు, ఎవరివాడు అన్న ప్రశ్న నన్ను వదల్లేదు. ఆయన అక్క కామాటిపురాలోనే ఉంటుందని ఒక మిత్రుడు చెప్పగానే బయల్దేరాను.

హైదరాబాదులో రాత్రి బండెక్కి, మర్నాడు దాదర్‌లో దిగి, లోకల్ పట్టుకుని గ్రాంట్ రోడ్ చేరేసరికి మధ్యాహ్నం కావచ్చింది. లోకల్ టికెట్ రూపాయిలోపే. అప్పటి ధరలు నమ్ముకుని మీరు బయల్దేరకండి. స్టేషన్ బయట టాక్సీ డ్రైవరుకు కామాటిపురా అని చెబితే నన్ను ఎగాదిగా చూసి, "పట్టపగలేనా?" అని హిందీలో నవ్వాడు. తెలిసినవాళ్ళ ఇంటికన్నాను. "అందరూ అదే చెబుతారు" అన్నాడు. ఒళ్ళు మండి నడిచే వెళ్ళాను, పావుగంట దారి. అక్కడ సందులకు పేర్లు లేవు, నంబర్లే. ఒకే సందులో రెండుసార్లు తిరిగాను. కొన్ని తలుపుల మీద 'ఇక్కడ కుటుంబం ఉంటుంది' అని మరాఠీలో పెయింటు చేసి ఉంది. ఎవరైనా తమ ఇంటి మీద ఆ మాట ఎందుకు రాసుకుంటారో, పక్క తలుపులు వేశ్యాగృహాలవని గమనించేదాకా నాకు అర్థం కాలేదు.

చాయ్ పోస్తున్న ఒక తెలుగాయనకు రచయిత కలం పేరు చెబితే తెలియలేదు. పుస్తకాలు రాస్తాడన్నాను. "గాయనా? మన యాదమ్మ తమ్ముడు. మీదికెక్కు, కొసాకరి ఖోలీ" అని, ఒక్కో గదిలో ఒక్కో కుటుంబం ఉండే చాళ్ మెట్లు చూపించాడు.

యాదమ్మ, ఇది మార్చిన పేరే, యాభై దాటిన మనిషి. కట్టే ఇళ్ళ దగ్గర తట్టలు మోసి మోసి మెడ కాస్త పక్కకు వంగింది.

"కూసో సారూ. మా తమ్ముడు పంపిండా?"

"లేదమ్మా, ఆయన పుస్తకాలు చదివి వచ్చాను."

"అన్ని సదివినవా?" స్టవ్వు దగ్గర నుంచి లేచొచ్చి నా ఎదురుగా కూర్చుంది. "నాకు సదువు రాదు. మా పోరలు మరాఠీ బడిల సదివిన్రు, తెలుగు సదువుడు వాళ్ళతోని గాదు. అండ్ల నేనున్ననా?"

మూడు నవలల్లోనూ అక్క అన్న మాటే లేదు. అదే చెప్పాను.

"మంచిగయింది" అంది గట్టిగా. "నేనే ఒట్టేయించుకున్న. మా బిడ్డ దవాఖాన్ల నర్సు. గ్రాంట్ రోడ్డుల ఉంటమని చెప్పుకుంటది. కామాటిపుర అంటే ఆడిపిల్లను తీరుగ సూడరు. ఏమన్న రాస్కో తమ్మీ, మమ్ముల మాత్రం తేకు అన్న."

నా బుర్ర తిరిగిపోయింది. అందరం మెచ్చుకున్న ఆ ఒంటరితనం ఈమె అడిగి చేయించుకున్నదా? మరి మేమంతా చదివింది ఏమిటి? నేనింకా తేల్చుకోకముందే యాదమ్మ గొంతు తగ్గించి, "అయినా గాని సారూ, ఒక్క తాననన్న లేనా?" అంది.

సంచిలోంచి రెండో నవల తీశాను. అందులో కథానాయకుడికి జ్వరం వస్తుంది. గదిలో ఇంకో మనిషి లేడు. అయినా అతని నుదుటి మీద తడిగుడ్డ రాత్రంతా మారుతూనే ఉంటుంది. మార్చేదెవరో రాయలేదు. అది రచయిత పొరపాటని అనుకునేవాణ్ణి. ఆ పేజీ చదివి వినిపించాను.

యాదమ్మ తల అడ్డంగా ఊపింది. "గుడ్డ గాదు" అంది. "నా కొంగు. ఆనికి మలేరియా అయినప్పుడు." కళ్ళు తుడుచుకుని, వెంటనే భయపడినట్టు అడిగింది. "ఆడు మాట తప్పలే గదా సారూ?"

"తప్పలేదమ్మా" అన్నాను.

ఇన్నేళ్ళయినా నాకు తేలలేదు. తనవాళ్ళను కథలోంచి తీసేసినవాడు వాళ్ళకు దూరమైనట్టా, దగ్గరైనట్టా? ఆ నవలలు మళ్ళీ తెరిస్తే ప్రతి ఖాళీ గదిలోనూ ఎవరో తిరుగుతున్నట్టుంటుంది. మర్నాటికి అదంతా నా భ్రమ అనిపిస్తుంది. ఎవరైనా ఆయన్ని ఏకాకి రచయిత అంటే మాత్రం కోపం వస్తుంది, కారణం చెప్పలేక ఊరుకుంటాను.

మీరు ఇలాంటి ప్రయాణం పెట్టుకుంటే ఒక్క సలహా. తిరుగు టికెట్ అదే రోజుకు తీసుకోకండి. నేను తీసుకున్నాను. ఆమె "ఇంకోపారి సదువు సారూ" అనేసరికి నాకు బండి వేళయింది.