తెల్లారి సంగతి అడిగిన మేడమ్

మా మేడమ్ పోయారని పోయిన నెల ఆవిడ చెల్లెలు ఫోన్ చేసి చెప్పారు. అప్పుడు నేను ఫిల్మ్ నగర్‌లో ఒక డబ్బింగ్ థియేటర్‌లో ఉన్నాను. అద్దం అవతల ఒక అమ్మాయి హీరోయిన్‌కి ఏడుపు డైలాగు చెబుతోంది. నేను ఫోన్ పెట్టేశాక కూడా ఆ ఏడుపు సాగుతూనే ఉంది.

ఆవిడ కాలేజీలో చరిత్ర చెప్పి రిటైరయ్యారు. జీవితమంతా చేసిన పరిశోధన మాత్రం ఒక్కటే. 1940ల చివర్లో తెలంగాణ పల్లెల్లో సాయుధ పోరాటం నడుస్తున్నప్పుడు, ఆయుధాలున్నవాళ్లు ఊళ్ల మీద పడి ఆడవాళ్ల మీద చేసిన అత్యాచారాలు. పుస్తకాలు ఒక్క వాక్యంలో దాటేసిన ఆ సంగతి కోసం బస్సులెక్కి ఊరూరా తిరిగారు.

మా పరిచయం సినిమా వల్లే. ఆ కాలం మీద తీసే సినిమాకి నేను మాటలు రాస్తున్నాను. డైరెక్టర్ గారితో కలిసి జూబ్లీహిల్స్‌లో ఆవిడ ఇంటికి వెళ్లాను.

“అది ఎలా జరిగేదో కళ్లకు కట్టినట్టు చెప్పండి మేడమ్. సినిమా ఆ సీన్ మీదే నిలబడాలి” అన్నారాయన.

“నేనూ మొదట్లో అదే అడిగానండీ. ఒకామె నన్ను ఆపేసింది. ‘గదెందుకు అడుగుతవ్ బిడ్డా, తెల్లారి నేనేం చేసిననో అడుగు’ అంది. అడిగాను. ‘కోతకు పోయిన. చేను ఆగుతదా?’ అంది. పక్కన కోసేవాళ్లు ఒక్క మాటా అడగలేదట. ఆమె వెనకబడకుండా, ఆమె వంతు తలా కొంచెం కోసిపెట్టారట.”

డైరెక్టర్ గారు ముందుకు జరిగారు. “ఆమె బతికే ఉందా? పేరూ ఊరూ చెప్పండి. రిలీజప్పుడు స్టేజీ మీదికి తీసుకొద్దాం.”

“ఉందండీ. పేరు మాత్రం చెప్పను.”

“ఆమెకు గౌరవమే కదా మేడమ్.”

“ఆమె మనవళ్లకు ఈ సంగతి తెలీదు. నాకు చెప్పింది, ఊరికి చెప్పలేదు.”

తర్వాత ఎన్నిసార్లు అడిగించినా అదే జవాబు. చెప్పకపోతే టైటిల్స్‌లో మీ పేరు ఉండదంటే, మానేయండి అన్నారు. డైరెక్టర్ గారు కొన్నాళ్లు కోపంగా తిరిగి, ఒకరోజు నన్ను పిలిచి, “ఆ కోత సీన్ రాయి” అన్నారు. ఆ రాత్రి సంగతి చూపించడానికి మా కెమెరా ఆమె గుడిసెలోకి వెళ్లలేదు. ప్రివ్యూలో మేడమ్ నా పక్కనే కూర్చుని ఆ సీను కదలకుండా చూశారు. అయ్యాక, “కొడవలి పట్టుకోవడం రాలేదు ఆ పిల్లకి” అన్నారు కళ్లు తుడుచుకుంటూ.

ఆ తర్వాత ఆదివారాలు నావి కాకుండా పోయాయి. యూసుఫ్‌గూడ నుంచి ఎండలో ఆ ఎత్తెక్కి మేడమ్ ఇంటికి వెళ్లేదాన్ని. మజ్జిగ ఇచ్చి, నేను తాగేదాకా మాట్లాడనిచ్చేవారు కాదు. ఊళ్లలో ఆడవాళ్ల మాటలు రికార్డు చేసేటప్పుడు, టేప్ ఆపమని ఎవరైనా అంటే ఆపేసేవారట. ఆపాక విన్నది ఎక్కడా రాయలేదు.

“మరి అవి చరిత్రలోకి ఎలా వస్తాయి మేడమ్?” అని అడిగాను.

“రాకపోతే రాకపోనీ. అన్నీ మన కోసమే చెప్పరు కదా” అన్నారు.

ఆ మాట మీద ఇంకా వాదించాలని ఉంది నాకు. ఆదివారం వస్తే చెప్పుల్లో కాళ్లు పెట్టాక గుర్తొస్తోంది, వెళ్లడానికి అక్కడ ఎవరూ లేరని.

ఆవిణ్ణి ఆఖరి చూపుకి హాల్లో పడుకోబెట్టిన రోజు, డెబ్బై దాటిన ఒకావిడ మనవరాలి చెయ్యి పట్టుకుని లోపలికొచ్చింది. ఊరి నుంచి బస్సులో వచ్చిందట. చుట్టాలెవరూ ఆమెను ఎరగరు. మేడమ్ చెల్లెలు దగ్గరికెళ్లి, “మీరెవరమ్మా?” అని మెల్లిగా అడిగారు.

“మా అమ్మ సచ్చిపోయిననాడు గీమె వచ్చి, గిట్లనే కూసున్నది” అంది ఆమె.

ఇంకెవరూ ఏమీ అడగలేదు. మేమంతా కొంచెం జరిగి చోటిచ్చాం. ఆమె మేడమ్ కాళ్ల దగ్గర కూలబడి, పక్కకు తొలగిన చీర అంచును పాదాల మీదికి లాగి, అది మళ్లీ జారకుండా రెండు చేతులూ దాని మీద పెట్టుకుని కూర్చుంది.