పైలం అనలేని రోజు

కొత్తవాడలో మా పక్కింట్లో జంపఖానాలు నేసే పెద్దమనిషిని నేను మామా అని పిలిచేవాణ్ణి. గడప దాటే ప్రతి మనిషికీ ఆయన "పైలం" అని జాగ్రత్త చెప్పేవాడు. పాలు పోసి వెళ్ళేవాడికీ, బడికి పోయే పిల్లలకీ, చివరికి కరెంటు బిల్లు ఇచ్చి పోయేవాడికీ అదే మాట.

ఆయన ఒక్కగానొక్క కూతురు సైన్యంలో ఆఫీసరు శిక్షణకు ఎంపికైంది. మామకు హిందీ రాదని తోడుగా నేనూ వెళ్ళాను. అకాడమీ గేటు దగ్గర ఆ అమ్మాయి సంచి భుజాన వేసుకుని, తండ్రి ముఖంలోకి చూస్తూ నిలబడింది. ఆయన ఆమె తల నిమిరాడు. సంచి పట్టీ సరిచేశాడు.

"పో బిడ్డా, టైమయితాంది" అన్నాడు చివరికి.

ఆమె లోపలికి వెళ్ళిపోయాక ఉండబట్టలేక అడిగాను.

"అందరికీ పైలమని చెప్తవు గద మామా, బిడ్డకెందుకు చెప్పలే?"

"ఎట్ల చెప్పాలెరా? రేపు తుపాకులు పేలే కాడ నా బిడ్డ పైలంగ ఎనకుండాలంటే, ఇంకొకళ్ళ బిడ్డ ముంగట నిలబడాలె గద."

ఆ మాట అని, గేటు పక్కన గట్టు మీద కూలబడి, తువ్వాలలో ముఖం దాచుకున్నాడు.