లేని దేశపు తాటాకులు

హిందూపురంలో ఒక ప్రైవేటు బడిలో నేను డ్రాయింగ్ టీచరును. కొన్నేళ్ల కింద కాలు విరిగి ఇంట్లో పడి ఉన్నప్పుడు, ఏమీ తోచక ఒక దేశాన్ని కల్పించుకున్నాను. ఆ దేశంలో వానను మనుషులే నేస్తారు. రాజు చచ్చిపోతే సమాధి మీద అతని రూపం కాకుండా, అతను ఆడిన అబద్ధాల బొమ్మలు చెక్కుతారు. అక్కడి చిత్రకారుడెవరో ఎప్పుడో పూర్వకాలంలో తన శిష్యుల కోసం రాసినట్టుగా, ఏ గుర్తుకు ఏ అర్థమో చెప్పే గ్రంథం ఒకటి తయారు చేశాను. తాటాకులను పసుపు నీళ్లలో ఉడికించి, ఆరబెట్టి, ఇనుప మొనతో గీసి, దీపపు మసి రుద్దాను. రెండు తలల మేక అంటే నిలబెట్టుకోలేని మాట. ఖాళీ ఊయల అంటే జనం వదిలి వెళ్లిపోయిన ఊరు. లిపి కూడా నాదే.

మా చిన్నాయన కొడుక్కు ధర్మవరంలో పట్టుచీరల అంగడి ఉంది. నన్ను చూడడానికి వచ్చినవాడు ఆ ఆకులు తిప్పి తిప్పి చూశాడు.

"అక్కా, దీన్ని అంగట్లో పెడితే సూసేకి బాగుంటాది. కింద నీ పేరు రాపిస్తాలే," అన్నాడు. సంతోషంగా ఇచ్చాను.

కొన్ని నెలలకు బడిలో తోటి టీచరు తన ఫోనులో ఒక వీడియో చూపించింది. నొసట విభూతి పెట్టుకుని, పెనుకొండ కోటలో కూలిన గోడ పక్కన నిలబడి ఉన్నాడు మా తమ్ముడు. "మా పెద్దోళ్లకు ఈడే, ఈ గోడ సందులో దొరికింది ఈ గ్రంథం. వేల ఏండ్లనాటిది. ఇందులో ఉండే ఊయల గుర్తును మేము చీర అంచులో నేపిస్తాండాము. కట్టుకున్నోళ్లకు కడుపు పండుతాది," అంటున్నాడు. వీడియోను మళ్లీ మొదటి నుంచి పెట్టించుకుని చూశాను.

ఆదివారం రైలెక్కి ధర్మవరం పోయాను. అంగడిలో అద్దాల పెట్టె, దానికి పసుపు కుంకుమలు, ఊదుబత్తీలు. లోపల ఉన్నవి నా ఆకులే అని పోల్చుకోవడానికి కాసేపు పట్టింది. అంచులు చివికి, నల్లబడి, పురుగు తొలిచిన బెజ్జాలతో ఉన్నాయి. ఊదుబత్తీల పొగను దాటుకుని ఒక కుళ్లు వాసన వస్తోంది.

"ఏం చేసినావురా వీటిని?"

వాడు వక్క నములుతూ నా చెవి దగ్గరికి వంగాడు. "పేడగుంటలో పూడ్చిపెట్టింటిలేక్కా. లేకుంటే పాతదని ఎవరు నమ్ముతారు?"

అప్పుడే ఎవరో అత్తాకోడళ్లు లోపలికి వచ్చారు. చెన్నేకొత్తపల్లి నుంచి వచ్చామన్నారు. కోడలు చెప్పులు బయట విడిచి వచ్చి, పెట్టె అద్దానికి నుదురు ఆనించింది. "పెండ్లయి శానా ఏండ్లాయె నాయనా," అంది అత్త, మా తమ్ముడు తీసిచ్చిన ఊయల అంచు చీరను ఒళ్లో పెట్టుకుని.

ఇక ఉండలేకపోయాను. "అమ్మా, ఇది కోటలో దొరికింది కాదు. హిందూపురంలో మంచం మీద కూర్చుని నేను గీసినాను. ఆ ఊయలకు అర్థం పాడుబడిన ఊరు."

మా తమ్ముడు పెద్దగా నవ్వాడు. "మా అక్కకు కొంచెం తలకాయ సరిలేదమ్మా. ఏమీ అనుకోవద్దండి."

అత్త నన్ను జాలిగా చూసింది. కోడలు మాత్రం నా మీద నుంచి కళ్లు తిప్పుకోలేదు. "నువ్వే గీసింటే ఇంగోసారి గీయి, సూస్తా," అంది.

బల్ల మీది కాగితం తీసుకుని గీశాను. ఊయల ఊయలలాగే వచ్చింది. ఆమె కాగితాన్ని అద్దం పక్కన పెట్టి చాలాసేపు చూసింది. తర్వాత అత్త ఒళ్లోని చీర తీసి బల్ల మీద పెట్టేసింది.

"పోదాం పా అత్తా."

"ఉండమ్మీ, ఇంత దూరం వచ్చి..."

"ఆ వాసనకే నాకు కడుపులో తిప్పుతాండాది. పా."

వాళ్లు మెట్లు దిగగానే వాడి ముఖం మారింది. "నోటికాడి బేరం చెడగొడితివి కదా!" నేను పెట్టె తెరిచి ఆకులు తీసుకున్నాను. వాడు అడ్డుపడలేదు. "తీస్కపో. ఫోటోలు నా కాడ ఉండాయి. డిజైను మగ్గాలెక్కి శానా దినాలాయె," అన్నాడు.

మరునాడు చిన్నాయన ఫోన్ చేశాడు. కొడుకును మందలిస్తాడేమో అనుకున్నాను. "ఏమ్మా, ఇంటి మాట వీధిలో పెడతావా? వాడేమన్నా దొంగతనం చేసినాడా?" అన్నాడు. ఫోను పెట్టేశాను. ఆ ఇంట్లో ఏ శుభకార్యానికీ మళ్లీ పోలేదు.

ఆకులను గుడ్డతో తుడిచాను, నిమ్మగడ్డి నూనె రాశాను, మిద్దె మీద ఎండలో పెట్టాను. వాసన పోలేదు. మొనతో గీసిన గీతల్లోకంతా పేడ దిగిపోయింది. పక్కింటామె వచ్చి, ఎలుకేమన్నా చచ్చిందా అని అడిగింది. మున్సిపాలిటీ చెత్తబండి వచ్చినప్పుడు నా చేతులతో నేనే అందులో వేశాను. ఏడుపు వస్తుందనుకున్నాను. రాలేదు. చేతులు సబ్బుతో రుద్ది రుద్ది కడుక్కుని అన్నం పెట్టుకున్నాను. రెండు ముద్దలు తిన్నాక వేళ్ల నుంచి అదే వాసన వచ్చింది. ఇక సహించక లేచేశాను.