నాలుగు మూలల పసుపు

మా ఇల్లు హూడిలో. వెనక రేకుల ఇంట్లో ఉండే లక్ష్మీదేవక్కకు నేను మొదటి ఉత్తరం రాసిపెట్టింది ఎనిమిదో తరగతిలో. ఇప్పుడు ఎం.ఏ. ముగించబోతున్నాను. ఆమె భర్త చెన్నయ్య మేస్త్రీ. కదిరి వైపు నుంచి ఇద్దరూ కట్టడం పనికి వచ్చారు. వాళ్ల కూతురు అనిత. పనిచోట జరిగిన కొట్లాటలో ఒక మనిషి పోయాడు. చెన్నయ్యకు యావజ్జీవ శిక్ష పడింది. ఎలక్ట్రానిక్ సిటీ వైపు ఉన్న జైల్లో ఆయనకు వంటింట్లో పని వేశారు.

ఆదివారం మధ్యాహ్నం అక్క తడిచేతులు కొంగుకు తుడుచుకుంటూ మా మెట్ల మీద కూర్చునేది. నేను ఒళ్లో అట్ట పెట్టుకుని నీలం ఇన్‌ల్యాండు మడత విప్పేదాన్ని. నలుగురిలో నోరు విప్పలేని నాకు ఆ గంటంటే ఎంతో ఇష్టం.

"మునగచెట్టు పూత పట్టిందని రాయి. అనిత పదిలో పాసయిందని రాయి. నా మోకాళ్ల నొప్పి మాత్రం రాయద్దు పాపా."

రాయడం అయ్యాక కొంగు ముడిలోంచి పసుపు తీసి, తడిచేసి, ఉత్తరం నాలుగు మూలలా అద్దేది. చెన్నయ్యది కూడబలుక్కునే చదువు. జైల్లో ఎవరైనా చదివిపెట్టేదాకా ఆయన మనసు ఆగదు. పసుపు కనిపిస్తే ఇంట్లో అంతా బాగుందని అప్పుడే తెలిసిపోతుంది. ఒకసారి మేం పసుపు మరిచాం. ఆ పూట ఆయన అన్నం ముట్టలేదట. ములాఖత్‌కు పోయినప్పుడు తనను ఎంత తిట్టాడో అక్క నవ్వుతూ చెప్పేది. నా పాత పుస్తకాల అట్టల మీద ఆమె పసుపు వేలిముద్రలు ఇంకా ఉన్నాయి.

పోయిన ఏడాది అనిత నాయనకు చెప్పకుండా శ్రీకాంత్‌ను రిజిస్టరు పెళ్లి చేసుకుంది. కులాలు వేరు. ఆ సంగతి రాసిన ఉత్తరానికీ అక్క పసుపు పెట్టింది. ఆ తరువాత చెన్నయ్య నుంచి జవాబు లేదు. చూడ్డానికి పోతే బయటికి రాలేదు. పద్నాలుగు నెలలు అట్లాగే గడిచాయి.

ఈమధ్య అనితకు ఆడపిల్ల పుట్టింది. ఇరవై ఒకటో రోజు పేరు పెట్టాలి. నాయన నుంచి మాట రాకుండా పాపను తొట్టిల్లో వెయ్యనని అనిత పట్టుబట్టింది. ఇంకా పది రోజులే గడువుంది. ఉత్తరం పోయి రావడానికి చాలదు. జైల్లో కొత్తగా ఫోను సందేశాలు మొదలుపెట్టారు. మనం టైపు చేసి పంపితే అక్కడ అచ్చుతీసి మనిషి చేతికిస్తారు. ఆయన కాగితం మీద రాసిచ్చిన జవాబును కాపీ తీసి మన ఫోనుకు పంపుతారు.

టైపు చేసి పంపబోతుంటే అక్క "స్వల్ప తాళు" అని కన్నడంలో ఆగమంది. కొంగు ముడి విప్పి, నా ఫోను నాలుగు మూలలా పసుపు అద్దేసింది.

"అక్కా! ఇది అక్కడికి పోదు."

"పోదా? మరి ఆయప్పకు యట్ల తెలిసేది? ఉత్త తెల్లకాగితం చూస్తే గుండె పగులుతాది."

"పసుపు పెట్టినామని మొదటి మాటే రాస్తా."

"రాస్తే చూసినట్టవుతాదా? బలే చదివినావు పో!" అని మూతి తిప్పింది.

అయినా రాయమంది. 'నాలుగు మూలలా పసుపు పెట్టినాము. అనితకు పాప పుట్టింది. పేరు నువ్వే చెప్పాల.'

ఫోను ఎంత తుడిచినా అంచు సందులో కొంచెం పసుపు మిగిలిపోయింది.

పంపిన తొమ్మిదో రోజు జవాబు వచ్చింది. నలుపు తెలుపు కాపీ. మూలల్లో మసి మరకలు, నడుమ వంకర అక్షరాలు రెండు వరుసలు. అక్క చిక్కుడుకాయల ఈనెలు తీస్తూ కూర్చుని ఉంది.

"ఏం రాసినాడు?"

అబద్ధం చెప్పడం నాకు చేతకాలేదు. నెమ్మదిగా చదివాను. "పేరు మీ ఇష్టం. నన్ను అడిగేది ఏముండాది."

ఆమె చేయి చాపింది. "ఏదీ, ఇట్లియ్యి" అంది. అక్షరం రాని మనిషి ఫోనును కళ్ల దగ్గర పెట్టుకుని చూసింది. అక్షరాల జోలికి పోలేదు. మూల మూలా వేలు పెడుతూ పోయింది.

"అది మిషను మసి అక్కా."

"మిషను నాలుగు మూలలే చూసి పెడతాదా పాపా? వంటింట్లో ఉండాడు కదా, పసుపు డబ్బా చేతికందే ఉంటాది." అక్క మొహం నవ్వుతోంది. "మొండి మనిషి! నోటితో ఒక మాట చెప్పలేడు."

ఒళ్లోని చిక్కుడుకాయలు పక్కకు నెట్టి కళ్లు తుడుచుకుంది.

"అనితకు ఫోన్ చెయ్యి. మీ నాయన పసుపు పంపించినాడు, పేరు మీ ఇష్టమన్నాడు, తొట్టిల కట్టుకోమని చెప్పు."