ఇంగ్లీసులో తమ్ముడు కాడు

సింగపూర్‌కు ఉత్తరాన, తెలుగు కూలీలు వలసపోయిన బాగన్ దాతుక్ కొబ్బరితోటలో పుట్టిన గంగయ్య గోల్ఫు ప్రొఫెషనల్ అయ్యాడు. క్లాంగ్ దగ్గర దొరల క్లబ్బులో ఆట ఆడటం, నేర్పడం, కర్రలు బాగుచేయడం అతని ఉద్యోగం. ఈ సంగతి తోటలో వాళ్ళకు చెప్పేసరికి పిన్నమ్మ నూకమ్మకు తల ప్రాణం తోకకొచ్చేది.

"కర్రతో బంతి కొడతాడు. దానికి జీతం ఇస్తన్నారు లా! నన్నేటి సెయ్యమంటారు?" అనేది, అక్కడి మలాయివాళ్ళ మాదిరి మాట చివర "లా" తగిలించి.

తల్లి పురిట్లోనే పోతే గంగయ్యను ఎత్తుకుని పెంచింది ఈ నూకమ్మే. తరవాత ఆమెకు అచ్చయ్య పుట్టాడు. గంగయ్య ఆమెను అమ్మా అనేవాడు, అచ్చయ్య గంగయ్యను అన్నా అనేవాడు. పిన్నమ్మ కొడుకు తమ్ముడు కాక మరేమవుతాడు? మన భాషలో దానికి వేరే మాట లేదు, అక్కర్లేదు కూడా.

జపాను యుద్ధం అయిపోయాక గంగయ్య క్లబ్బులో గడ్డి కోసే పనికి చేరాడు. సాయంత్రం దొరలు ఇళ్ళకు వెళ్ళిపోయాక విరిగిన కర్రకు గుడ్డ చుట్టి బంతులు కొట్టేవాడు. సత్తువంతా భుజాల్లో కాదు, నడుము తిప్పడంలో ఉందని ఎవరూ చెప్పకుండానే పట్టేశాడు. ఒకరోజు సెక్రటరీ దొర చూడనే చూశాడు. రెండేళ్ళు తిరిగేసరికి దొరసానులకు ఆట నేర్పడానికి గంగయ్యే కావలసివచ్చాడు.

అప్పటికి కమ్యూనిస్టుల మీద దొరల సర్కారు పెట్టిన ఎమర్జెన్సీ నడుస్తోంది. అడవిలో కమ్యూనిస్టులు, రోడ్ల మీద సోల్జర్లు. ఎవరి చేతిలో కాస్త బియ్యం మూట కనబడినా అడవికి మోస్తున్నాడని అనుమానమే. అలాంటి మూటతోనే అచ్చయ్య దొరికిపోయాడు. ఆ బియ్యం ఇంటికేనని మొత్తుకున్నా ఎవరూ వినలేదు.

గంగయ్యను అసిస్టెంటు ప్రొఫెషనల్‌గా తీసుకోవాలా వద్దా అని కమిటీ తేల్చుకునే వారం అది. మధ్యాహ్నం అతను బంతులు కొడుతుంటే సెక్రటరీ దొర ఒక పోలీసు దొరను వెంటబెట్టుకొచ్చాడు.

"అచ్చయ్య అనేవాడు నువ్వు తన బ్రదర్ అంటున్నాడు. సొంత బ్రదర్ పూచీ ఉంటే వదిలేస్తాను. నిజమేనా?" అని పోలీసు దొర ఇంగ్లీసులో అడిగాడు.

గంగయ్య చేతిలో కర్ర దించాడు. ఆదివారాలు ఆ క్లబ్బులో ఆడేవాళ్ళలో సగంమంది పోలీసులూ మిలిటరీవాళ్ళే. అడవివాళ్ళకు బియ్యం మోశాడన్న పేరున్నవాడి అన్నను వాళ్ళ మధ్య తిరగనిస్తారా? సరిగ్గా అప్పుడే, దొరసానుల దగ్గర నేర్చిన ఇంగ్లీసు ఆదుకుంది. పాడు ఇంగ్లీసు!

"నో సార్. కజిన్," అన్నాడు.

పోలీసు దొర పుస్తకం మూసేశాడు. కొన్ని నెలలు జైల్లో ఉంచి, అచ్చయ్యను పోర్ట్ స్వెట్టెన్‌హామ్‌లో మద్రాసు ఓడ ఎక్కించారు. ఆ కుర్రాడు ఇండియా మొహం ఎన్నడూ చూసినవాడు కాదు.

"ఎంత సెప్పినా దొరలు ఇనలేదమ్మా," అని గంగయ్య నూకమ్మకు చెప్పాడు. ఆమె నమ్మింది. తమ్ముడి కోసం నా పెద్దోడు కాళ్ళరిగేలా తిరిగినాడని తోటంతా చెప్పుకుంది. అది విన్నప్పుడల్లా అతనికి భూమిలోకి దిగబడిపోవాలనిపించేది.

ఉద్యోగం వచ్చింది. సింగపూర్ పోటీల్లో మూడోవాడుగా నిలిచాడు, పేపర్లో ఫోటో పడింది. తాను అబద్ధం ఆడలేదని లోలోపల వెయ్యిసార్లు చెప్పుకున్నాడు. తెలుగులో చెప్పుకున్న ప్రతిసారీ అది అబద్ధమే అయింది. దూరం బంతులు బాణంలా కొట్టేవాడికి, మూరెడు దూరంలో గుంటలోకి తోయాల్సివస్తే బంతి పక్కకు పోయేది. గాలి అనేవాడు. పాపం, గాలి ఏం చేసింది?

యాభై ఏడులో మెర్డెకా వచ్చింది. స్వతంత్రం వచ్చిన రెండు నెలలకు అచ్చయ్య ఉత్తరం వచ్చింది. నూకమ్మకు చదువు రాదు, ఎప్పుడూ గంగయ్యే చదివి వినిపించాలి. సెలవు పెట్టి తోటకు వెళ్ళి, గుమ్మంలో కూర్చుని చదవడం మొదలుపెట్టాడు. నాలుగో వరుసలో ఆగిపోయాడు.

"ఏటి రాసినాడు? సదువు!" అంది ఆమె.

దాటేసి కింది వరుసకు పోవచ్చు. ఆమెకు తెలియదు. ఏడేళ్ళుగా చేస్తున్నది అదే. తన మీద తనకే రోత పుట్టింది, చదివేశాడు.

"ఇప్పుడు మన గవర్మెంటే కదా, అన్నని ఎల్లి, అచ్చయ్య నా తమ్ముడని సెప్పమనమ్మా. అప్పుడు దొరలు అన్నని అడిగుండరు. అడిగితే సెప్పకుండా ఉంటాడా?"

కాయితం కింద పెట్టి, "అడిగినారమ్మా," అన్నాడు గంగయ్య. జరిగిందంతా చెప్పాడు. బ్రదర్ అంటే ఏమిటో, కజిన్ అంటే ఏమిటో, పసిపిల్లకు చెప్పినట్టు విడమరిచి చెప్పాడు. చెబుతూనే ఏడ్చాడు.

నూకమ్మ ఏడవలేదు, తిట్టలేదు. కింద పెట్టిన కాయితం తీసి ఒళ్ళో పెట్టుకుంది.

"ఆడు నీకు ఇంగ్లీసులో తమ్ముడు కాడు. సరే, తెలిసింది," అంది. "మరి నేను నీకు ఇంగ్లీసులో ఏటవుతాన్రా?"

ఆ మాట కూడా గంగయ్యకు వచ్చు: ఆంట్.