కొండల్ రావు గారి 'కైండ్‌లీ'లు

అమెరికాలోని ఫార్మింగ్టన్ హిల్స్‌లో మా అపార్ట్‌మెంట్ల వరసలో కొండల్ రావు గారిని అందరూ 'జర్మన్ రావు' అనేవాళ్ళు. ఆ పేరంటే ఆయనకు మహా గర్వం. హైదరాబాదులో ఇరిగేషన్ శాఖలో ఇంజనీరుగా ఉన్నప్పుడు సాయంత్రం క్లాసులకు వెళ్ళి మూడేళ్ళు జర్మన్ నేర్చుకున్నారు. ఎందుకు నేర్చుకున్నారండీ అంటే, "ఆ క్లాస్‌ల ఫ్యానుండె, మా రూమ్‌ల లేకుండె" అనేవారు. ఆ ఫ్యాను గాలే ఆయనకు డెట్రాయిట్ పక్కన అన్నం పెట్టింది. మా కంపెనీ కార్ల తలుపులు అచ్చుగుద్దే పెద్ద పెద్ద ప్రెస్సులను జర్మనీ నుంచి తెప్పించేది. వాటితో వచ్చే మాన్యువల్స్ అన్నీ జర్మన్‌లో ఉండేవి. వాటిని ఇంగ్లీషు చేయడమే ఆయన ఉద్యోగం. నేను అదే కంపెనీలో డ్రాఫ్ట్స్‌మన్‌ని. ఆయన పుస్తకాలకు బొమ్మలు నేనే గీసేవాణ్ణి, ఆయన కార్లోనే ఆఫీస్‌కి వెళ్ళేవాణ్ణి. అందుకని ఆయన గురించి నాకు అవసరానికి మించే తెలుసు.

జర్మన్‌కేం లోటు లేదు. వచ్చిన చిక్కల్లా ఇంగ్లీషుతోనే. ఇరిగేషన్ శాఖలో ఆరేళ్ళు పైఅధికారులకు ఉత్తరాలు రాసి రాసి ఆయన చెయ్యి అలా తిరిగిపోయింది. ప్రతి మూడో వాక్యంలోనూ ఒక 'కైండ్‌లీ' ఉండాలి. పేజీ చివర 'డూ ది నీడ్‌ఫుల్' ఉండాలి. ప్రమాదం వస్తే మెషీన్ ఆపడం గురించి ఆయన రాసిన వాక్యాన్ని తెలుగులో చెప్పాలంటే ఇలా ఉంటుంది: 'అనుకోని విపత్కర పరిస్థితి ఏర్పడినచో, ఆపరేటరు గారు సదరు పరిస్థితిని నిర్ధారించుకొని, ఎర్రని బటన్‌ను దయచేసి నొక్కవలసినదిగా ఇందుమూలముగా కోరడమైనది.' ఇదంతా చదివేలోగా మనిషి చెయ్యి అచ్చు కింద అప్పడమైపోతుంది. ఆ మాట నేను రెండుసార్లు అన్నాను. ఆయన నాతో రెండు రోజులు మాట్లాడలేదు. కార్లో పక్కపక్కన కూర్చుని రెండు రోజులు మాట్లాడకుండా ఉండటం ఎంత కష్టమో మీకు తెలియదు.

1983 సెప్టెంబరులో మెషీన్ ఒకటి పాడై రెండు రోజులు ఆగిపోయింది. ఎందుకు ఆగిందో మాన్యువల్‌లో నలభయ్యో పేజీలో స్పష్టంగానే ఉంది. కాకపోతే ఆ మాన్యువల్‌ని ఎవరూ చదవలేదు. అది కాఫీ టేబుల్ కాలు కింద ఎత్తుకు పెట్టి ఉంది. ప్లాంట్ మేనేజర్ దాన్ని అక్కణ్ణుంచి లాగి, దుమ్ము దులిపి, కొండల్ రావు గారిని పిలిచాడు.

"ఇంకో ప్రెస్సు వచ్చింది. దాని పుస్తకం మూడు వారాల్లో తయారు చెయ్యి. టొలీడో ప్లాంట్ నుంచి ఒక మనిషిని పిలిపిస్తాను. వాడికి ఈ మెషీనూ తెలియదు, నువ్వూ తెలియవు. కేవలం నీ పుస్తకం చూసి వాడు దాన్ని నడిపితే సరే. లేకపోతే ఈ పని న్యూయార్క్ అనువాదాల ఏజెన్సీకి ఇచ్చేస్తాం."

ఏజెన్సీకి ఇస్తే కొండల్ రావు గారికి కుర్చీ ఉండదు. అంతకుముందు ఏడాదే మా డ్రాయింగ్ సెక్షన్‌లో సగం మందిని ఇంటికి పంపారు. ఆ రోజుల్లో డెట్రాయిట్ చుట్టుపక్కల నలభై ఆరేళ్ళ జర్మన్ రావుకి ఇంకో ఉద్యోగం ఎవరిస్తారు? తిరుగుదారిలో ఆయన ఒక్క మాటే అన్నారు: "నా ఇంగ్లీష్ తప్పంటడా, శ్రీధర్? నాకు డిగ్రీల ఫస్ట్ క్లాసొచ్చింది."

ఆ శనివారం ఆయన ఇంట్లో భోజనానికి నేనూ ఉన్నాను, కింది ఫ్లోర్‌లో ఉండే మిసెస్ ఫోగెల్ కూడా వచ్చింది. డెబ్బై ఏళ్ళ జర్మన్ ముసలావిడ. కొండల్ రావు గారికి అర్థంకాని జర్మన్ మాట ఏదైనా ఉంటే మెట్లు దిగి ఆవిణ్ణే అడిగేవారు. బదులుగా ఆయన భార్య నళిని గారు పులిహోర పంపేవారు. బైబిల్‌ని జర్మన్‌లోకి తెచ్చిన మార్టిన్ లూథర్ పుట్టి అయిదు వందల ఏళ్ళయిందని ఆ ఏడాది ఆవిడ చర్చిలో పెద్ద సంబరం. ఆవిడ నోట వేరే మాటే లేదు.

"అతని కంటే ముందూ జర్మన్‌లో బైబిళ్ళు ఉన్నాయి" అంది మిసెస్ ఫోగెల్ ఇంగ్లీషులో, పులిహోర తింటూ. "లాటిన్ వాక్యానికి జర్మన్ చొక్కా తొడిగినట్టు ఉండేవి. అతను కోటలో దాక్కుని పదకొండు వారాల్లో కొత్త నిబంధనని జర్మన్‌లో రాసేశాడు. పాత నిబంధనకి స్నేహితులంతా కలిసి కూర్చున్నా పన్నెండేళ్ళు పట్టింది. యోబు కథలో నాలుగు రోజులు కష్టపడితే మూడు లైన్లు కూడా అవని రోజులున్నాయి."

"మూడు లైన్లా? అయితె నేనే నయం గద" అన్నారు కొండల్ రావు గారు.

"బలుల గురించి రాయాలంటే గొర్రె లోపలి భాగాల పేర్లు కావాలి. పండితుడికి ఎలా తెలుస్తాయి? కసాయివాణ్ణి పిలిపించి, గొర్రెల్ని కోయించి, ఒక్కొక్కటీ చూపించి, దీన్నేమంటావు, దీన్నేమంటావు అని అడిగాడు. ఇంట్లో తల్లిని అడగాలి, వీధిలో పిల్లల్ని అడగాలి, సంతలో మామూలు మనిషి నోరు చూడాలి, వాళ్ళెలా మాట్లాడితే అలా రాయాలి అనేవాడు."

నళిని గారిది తెనాలి. ఆవిడ పెరుగు వడ్డిస్తూ, "వినండి మరి" అన్నారు భర్తతో. "మీరెప్పుడైనా ఎవర్నైనా అడిగారా? ఆ ప్రెస్సు దగ్గరికి వెళ్ళి ఎన్నాళ్ళయింది?"

"నేనెందుకు పోవాలె? బుక్కు నా టేబుల్ మీదుంటది గద."

"అంటే ఆ మెషీన్‌ని మీరు చూడనే లేదా?"

ఆయన పెరుగన్నం కలుపుకోవడం మొదలుపెట్టారు. ఏడేళ్ళుగా ఆ మెషీన్ల గురించి వేల పేజీలు రాసిన మనిషి అవి నడిచే షాపులోకి అడుగుపెట్టింది రెండుసార్లో మూడుసార్లో. నూనె మరకలంటే ఆయనకు పడదు. మన దగ్గర ఇంజనీరంటే బల్ల దగ్గర కూర్చునేవాడు, మెషీన్ ముట్టుకునేవాడు వేరే. ఆ అలవాటు ఆయనతో పాటే విమానం ఎక్కి వచ్చింది. నాతోనూ వచ్చింది లెండి.

ఉక్రోషం కొద్దీ ఆయన లోపలికి వెళ్ళి కొత్త మాన్యువల్ తొలి పేజీలు తెచ్చి తొమ్మిదేళ్ళ కూతురు రేణు చేతికిచ్చారు. "చదువు బేటా. పిల్లల్నడగాలంట. నిన్నే అడుగుతున్న. ఇంగ్లీష్ నీదే గద."

రేణు ఇక్కడే పుట్టిన పిల్ల. ఆ విపత్కర పరిస్థితి వాక్యాన్ని ఒకసారి పైకి చదివింది, ఇంకోసారి లోపల చదువుకుంది. తల గోక్కుని, "డాడీ, సో... బటన్ నొక్కాలా, వద్దా?" అంది.

నాకు నవ్వాగలేదు. మిసెస్ ఫోగెల్‌కి తెలుగు రాకపోయినా పిల్ల ముఖం చూసి ఆవిడా నవ్వింది. కొండల్ రావు గారు మాత్రం నవ్వలేదు. పేజీలు తీసుకుని, అన్నం సగంలో వదిలేసి, గదిలోకి వెళ్ళిపోయారు. నాకు అప్పుడు సిగ్గేసింది. ఉద్యోగం పోతుందేమోనని భయపడుతున్న మనిషి ముందు అలా నవ్వకూడదు.

సోమవారం మధ్యాహ్నం మూడున్నరకి ఇంటికి బయలుదేరాల్సింది పోయి ఆయన షాపులోకి నడిచారు, టై కట్టుకుని, చేతిలో నోట్‌బుక్కుతో. అప్పుడే సెకండ్ షిఫ్ట్ ఎక్కుతోంది. కార్ తాళాలు ఆయన దగ్గరున్నాయి కాబట్టి నేనూ వెనకాలే వెళ్ళాను. ప్రెస్సు ముందు నిలబడి, "దీన్నేమంటారు?" అని అడిగారు. పనివాళ్ళు ఆయన్ని కిందినుంచి పైదాకా చూశారు. ఎవరో ఇన్సూరెన్స్ వాడనుకున్నారట.

మొదటి రోజు వాళ్ళు ఆటపట్టించారు. రెండో రోజు ఆయన టై విప్పారు. మూడో రోజు ఎవరో ఒంటినిండా తొడుక్కునే ఓవరాల్ ఇచ్చి, మెషీన్ కిందికి దూరి చూడమన్నారు. దూరారు! బయటికొచ్చినప్పుడు చెంప మీద గ్రీజుంది. ఆ గ్రీజుతోనే ఇంటికొస్తే నళిని గారు ఎవరో అనుకుని తలుపు సగం మూసేశారు. పైనుంచి దిగి రేకును గుద్దే దిమ్మె, ఆయన 'రెసిప్రొకేటింగ్ అప్పర్ మెంబర్' అని ఏడేళ్ళుగా రాస్తున్నది, వాళ్ళకు వట్టి 'ర్యామ్' అని ఆ వారమే తెలిసింది.

ఇక్కడో తంటా వచ్చింది. సెకండ్ షిఫ్ట్ వాళ్ళు ర్యామ్ అన్నదాన్ని ఫస్ట్ షిఫ్ట్ వాళ్ళు స్లయిడ్ అంటారు. ఎవరి మాట రాయాలి? ఆయన నన్నూ వెంటపెట్టుకుని మెట్లు దిగి మిసెస్ ఫోగెల్ తలుపు తట్టారు.

"లూథర్‌కీ అదే కష్టం" అందావిడ. "ఉత్తరాన ఒక జర్మన్, దక్షిణాన ఒక జర్మన్. ఊరు దాటితే మాట తెలిసేది కాదు. ఎక్కువమంది అర్థం చేసుకునే మాటలు ఏరుకున్నాడు. బాసెల్ ఊళ్ళో ఆ పుస్తకం ముద్రించినతను ఏం చేశాడో తెలుసా? తన ఊరివాళ్ళకి తెలియని మాటలకి అర్థాలు ఒక పట్టీగా రాసి ఇచ్చాడు. క్రమంగా ఆ పట్టీలతో పని లేకపోయింది. పుస్తకంలో మాటలే అందరి మాటలయ్యాయి. మా అమ్మ వంటింట్లో నన్ను తిట్టిన తిట్లలో కూడా సగం దాంట్లోవే. తను బైబిల్ మాటలతో తిడుతున్నానని ఆవిడకి తెలియదు పాపం."

"ఇది మన తెలుగోళ్ళ ఆదివారం పార్టీ లెక్కనే ఉంది, శ్రీధర్" అన్నారు కొండల్ రావు గారు మెట్లెక్కుతూ. "నేను సొరకాయంట, నళిని ఆనపకాయంటది. కూరైతే ఒక్కటే గద." ఎక్కువమంది నోట విన్నది ర్యామ్ కాబట్టి అదే రాశారు. పుస్తకం చివర మాత్రం రెండు షిఫ్ట్‌ల మాటలకూ ఒక పట్టీ పెట్టారు.

ఆ మూడు వారాలు నా బతుకు కుక్కలు చింపిన విస్తరే. రాసింది పనివాళ్ళ చేత పైకి చదివించేవారు. చదివేవాడు ఎక్కడ తడబడితే అక్కడ కొట్టేసేవారు. వాక్యం మారితే నేను బొమ్మ మళ్ళీ గీయాలి. ఒకసారి సాయంత్రమంతా కూర్చుని నాలుగు లైన్లే తేల్చారు. కోపం పట్టలేక, "ఇదేమన్నా బైబిలాండీ?" అన్నాను. "యోబు కన్న ఒక లైనెక్కువనే అయింది, సంతోషపడు" అన్నారు. ఆయనకు అన్నిటికంటే కష్టమైంది 'కైండ్‌లీ'లు తీసేయడం. తీసిన ప్రతిసారీ, "మర్యాద తక్కువైతదేమో" అని గొణిగేవారు.

టొలీడో మనిషి ఒక గురువారం ఉదయం వచ్చాడు. పేరు రాయ్. తాటిచెట్టంత పొడుగు, మాట తక్కువ. మేనేజర్ పుస్తకం అతని చేతికిచ్చి చేతులు కట్టుకు నిలబడ్డాడు. కొండల్ రావు గారూ నేనూ గోడ పక్కన నిలబడ్డాం, నోరు మెదపకూడదని షరతు. ఆయన మళ్ళీ టై కట్టుకొచ్చారు. చేతులు జేబుల్లో పెట్టుకున్నారు.

రాయ్ మొదటి పేజీ తీశాడు. అక్కడ ఇప్పుడు రెండే ముక్కలున్నాయి: 'ప్రమాదమైతే ఎర్ర బటన్ కొట్టు. మిగతాది తర్వాత చదువుకో.' అతను ఫక్కున నవ్వి, ముందు ఎర్ర బటన్ ఎక్కడుందో చూసుకున్నాడు. తర్వాత పేజీ చూడటం, బోల్టు బిగించడం, మళ్ళీ పేజీ చూడటం. 'ర్యామ్' అన్న మాట దగ్గర ఆగాడు. కొండల్ రావు గారు ఊపిరి బిగబట్టారు. రాయ్ చివర పట్టీకి తిప్పి, వేలితో వెతికి, తల ఊపి ముందుకెళ్ళాడు. పదకొండింటికల్లా ర్యామ్ కిందికి దిగింది, తలుపు రేకు ఒకటి మచ్చ లేకుండా బయటికొచ్చింది.

రాయ్ పుస్తకం మూసి, ముందూ వెనకా తిప్పి చూశాడు. రాసినవాడి పేరు ఎక్కడా లేదు.

"దీన్ని రాసింది మీ షాపులో మనిషే కదా?" అన్నాడు మేనేజర్‌తో. "ఆఫీసువాడు ఇలా రాయలేడు. ఎన్నేళ్ళు చేశాడు ప్రెస్సు మీద?"

మేనేజర్ గోడ పక్కనున్న కొండల్ రావు గారిని చూపించాడు. రాయ్ ఆ టైనీ, ఆ మెరిసే బూట్లనీ చూసి నమ్మలేకపోయాడు. అవకాశమొస్తే ఫస్ట్ క్లాస్ డిగ్రీ దగ్గర మొదలుపెట్టి అరగంట చెప్పే మనిషి ఆయన. ఆ రోజు మాత్రం డిగ్రీ ఊసెత్తకుండా టై ముడి వదులు చేసుకున్నారు.

"మూడు వారాలు" అన్నారు.